ఛీఛీ మావయ్య పుస్తకం

వీధిలో అందరూ ఆయన్ని ఛీఛీ మావయ్య అనేవారు. కాఫీ చల్లారితే ఛీ, కత్తెర మొండికేస్తే ఛీ, ఎదురింటి రేడియో గట్టిగా మోగితే రెండు ఛీలు. పుస్తకాలు కుట్టి అట్టలు వేయడం ఆయన పని. ముందుగదే దుకాణం. మూల బిగింపు మర, కిటికీ కింద గోందు గిన్నె, కాలు పెట్టే చోటు లేకుండా కాగితం కుప్పలు. తను కలిపిన గోందును మాత్రం ఆయన ఎన్నడూ ఛీ అనలేదు. దాంతో అతికిస్తే ఊడిందన్న మాటే లేదని గొప్పలు పోయేవాడు.

ఆయన పిల్లల కోసం ఒక పుస్తకం రాశాడు, గొడుగు పోగొట్టుకున్న ఏనుగు కథ. ఖర్మ కాలి ఆయన అసలు పేరుతోనే ఇంకో ఇద్దరు రచయితలున్నారు. ఒకాయన కవి. కుర్చీలో ఎవరుంటే వాళ్లను కాకా పడుతూ పద్యాలల్లేవాడు. కుర్చీలో మనిషి మారితే పద్యంలో పేరు మారేది, అంతే. రెండో ఆయన నవలలు రాసేవాడు. అధ్యాయానికో శవం, మధ్యలో చెప్పుకోలేని వర్ణనలు.

"మావయ్యా, భలే రాశావు! కట్టుకున్నదాన్ని బావిలో తోయించావు చూడు, ఆ రాత్రి నాకు నిద్రపడితే ఒట్టు," అని సెలూనతను గడ్డం గీస్తూ మెచ్చుకునేవాడు.

"అది రాసింది నేను కాదురా బాబూ!"

అతను నమ్మేవాడు కాదు. గొంతు మీద కత్తి ఉండగా ఎక్కువ వాదించలేం కదా. మావయ్య ఇంటికొచ్చి మొహం రెండోసారి కడుక్కునేవాడు. "నా పేరు పిలిస్తే పలకాలన్నా రోతగా ఉందే," అనేవాడు భార్యతో.

ఒక వానకి పైకప్పు కారి, ఇంట్లో ఉన్న ఏనుగు పుస్తకాలన్నీ నాని ముద్దయ్యాయి. లైబ్రరీలో ఉన్నదొక్కటే మిగిలింది. ఎవరో ఒక పిల్ల తనంతట తాను దాన్ని అరలోంచి తీసి చదువుతుంటే చూడాలని ఆయనకు ఒకే ఒక్క కోరిక.

ఇలా ఉండగా లైబ్రరీ మేడమ్ ఒక కట్ట పట్టుకొచ్చింది. పలచటి పుస్తకాలు మాయమవుతున్నాయని, ఒకే పేరు మీద ఉన్నవన్నీ కలిపి లావు పుస్తకంగా కుట్టించడం అక్కడి అలవాటు. కట్టలో కవిగారి పొగడ్తలు, నవలాయన శవాలు, మధ్యలో నలిగిపోతూ ఏనుగు.

"మేడమ్, మేం ముగ్గురం వేరువేరు మనుషులం."

"పేరొకటేగా బైండరు గారూ? కలిపి కుట్టెయ్యండి."

ఆవిడ వెళ్లాక మావయ్య కట్ట విప్పాడు. తన ఏనుగును తన చేత్తోనే ఆ మురికిలో కుట్టాలా? చచ్చినా కుట్టననుకున్నాడు. మిగతా రెండూ కలిపేసి, ఏనుగుకు విడిగా నీలం గుడ్డ అట్ట వేశాడు. తీసుకెళ్లి ఇస్తే మేడమ్ మొహం చిట్లించింది.

"ఈ పేరుకి నంబరొకటే ఉంది. అది లావుదానికి వేసేస్తాను. మరి దీన్నేం చేసుకోను?"

"పిల్లల అరలో పెట్టండి మేడమ్, చాలు."

"సరే, అక్కడ పెట్టి వెళ్లండి," అంది.

కొన్నాళ్లకు లావు పుస్తకం రిపేరుకొచ్చింది. జనం ఎగబడి చదివి కుట్లు తెంపేశారు. పేజీల నిండా జిడ్డు వేళ్ల ముద్రలు. మావయ్య ఛీఛీ అంటూ కొనగోళ్లతో పట్టుకుని కుట్లు వేశాడు. ఇక పుస్తకం వెన్నుకు బలం కోసం పాత కాగితం అతికించాలి. లైబ్రరీవాళ్లు తీసేసిన పుస్తకాలనే, అట్టలు పీకేసి, ఆ పనికి ఆయన దగ్గరికి పంపేవాళ్లు. చేతికందిన పేజీ చింపి, గోందు పూసి, వెన్నుకు అంటించి బొటనవేలితో గట్టిగా రుద్దాడు. అప్పుడు కనబడ్డాయి అక్షరాలు.

'ఏనుగు గొడుగు కోసం మంచం కింద కూడా వెతికింది.'

కుప్పంతా తిరగేశాడు. ఇంకొక్క పేజీ కూడా దొరకలేదు. వారం నుంచి చూసుకోకుండా ఆ కుప్పలోంచే చింపి అతికిస్తున్నాడు. కట్టి పంపేసిన పుస్తకాల వెన్నుల్లో ఏనుగు ముక్కలు ముక్కలుగా ఉండిపోయింది.

"నంబరు లేనివన్నీ ఏరి పారేశారట," అంది భార్య గుమ్మంలోంచి. "ఆవిడ చెప్పినట్టు కలిపి కుట్టేసినా బాగుండేదండీ. ఈపాటికి ఎంతమంది చేతుల్లో ఉండేదో!"

మావయ్య ఆ ఒక్క ముక్కనైనా దక్కించుకుందామని గోటితో గీకాడు. రాలేదు. తడిపి గీకాడు. గోరు విరిగింది గానీ కాగితం కదల్లేదు.

కిటికీ కింద గోందు గిన్నె వైపు చూసి, "ఛీ," అన్నాడు.