నాంచారమ్మకి నచ్చని కోపం

తెరమీద రాజరత్నం కోడలి జుట్టు పట్టుకుంటే అవనిగడ్డ టూరింగ్ టాకీసులో జనం బెంచీలెక్కి శాపనార్థాలు పెట్టేవాళ్ళు. బందరులో ఇంటి దగ్గర మాత్రం ఆవిడ నోట్లో నాలుక లేని మనిషి. గిలకలదిండి రేవుకి చేపలకెళ్తే, "ముందు నన్నో తిట్టు తిట్టండమ్మా, తర్వాతే బేరం," అనేది చేపలమ్మే నాంచారమ్మ. రాజరత్నం మొహమాటంగా కొంగు దోపి, చేతులు తిప్పుతూ తిట్టేది. వలలు బాగుచేసుకునేవాళ్ళు పని ఆపి చప్పట్లు కొట్టేవాళ్ళు.

ఒకరోజు ఇంటికెళ్ళి చూస్తే సంచి అడుగున చందువా చేపలు కుళ్ళిపోయున్నాయి. పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి ఆవిడకి నిజంగా ఒళ్ళు మండింది. వెనక్కొచ్చి, నాంచారమ్మ ముందు సంచి పెట్టి, మెల్లగా, "ఇది అన్యాయం కదమ్మా," అంది.

నాంచారమ్మ పెదవి విరిచింది. "ఇయ్యాల కోపం సరిగ్గా రాలేదండీ. ఇంకోసారి చెయ్యండి."

రాజరత్నం కళ్ళు తుడుచుకుని, కొంగు దోపింది.