రిలీజ్ అన్న మాటకు రియాద్ నుంచి ఖతీఫ్ దాకా

ఆదివారం సాయంత్రం మా బామ్మర్ది రాజేశం దమ్మామ్ నుంచి ఫోన్ చేసి, “బావా, రిలీజ్ దొరికింది” అన్నాడు. రూంలో అందరికీ జిలేబీ పంచాడట. గురువారం మధ్యాహ్నం మళ్లీ ఫోన్. “బావా, కఫీల్ నా మీద హురూబ్ పెడ్తడట. నువ్వు రావాలె.” ఈ రెండు ఫోన్ల మధ్య ఏం జరిగిందో తెలుసుకోవడానికి, వీలైతే సరిదిద్దడానికి చేసిన ప్రయాణం ఇది.

గల్ఫ్‌లో ఉన్నవాళ్లకు ఈ మాటలు విడమరిచి చెప్పక్కర్లేదు. కొత్తగా వచ్చేవాళ్ల కోసం చెబుతున్నాను. రిలీజ్ అంటే మనల్ని వీసా మీద తెచ్చుకున్న యజమాని, అంటే కఫీల్, మనం మరో కంపెనీలో చేరడానికి ఒప్పుకోవడం. హురూబ్ అంటే ‘నా మనిషి పారిపోయాడు’ అని అదే కఫీల్ సర్కారుకు చెప్పడం. అది కంప్యూటర్లో పడిందంటే మనిషి దొంగ కిందే లెక్క. పట్టుకుంటారు, లోపల వేస్తారు, వేలిముద్రలు తీసుకుని పంపేస్తారు, మళ్లీ ఈ దేశంలో కాలు పెట్టనివ్వరు. నిజంగా పారిపోయాడా, రూంలో పడుకుని ఉన్నాడా అని అడిగే నాథుడు ఉండడు.

ఆదివారం పొద్దున ఆఫీసులు తెరవగానే హురూబ్ పెడతానని కఫీల్ చెప్పాడట. నేను రియాద్‌లోని మలాజ్‌లో ఏసీల పని చేస్తాను. నాకు సెలవు శుక్రవారం ఒక్కటే. ఆ రోజు పొద్దున బండికే బయల్దేరాను.

రియాద్ స్టేషన్ మలాజ్‌కు దూరం కాదు, టాక్సీకి పదిహేను రియాళ్లు అడుగుతారు, పది ఇస్తే వస్తారు. టికెట్ కౌంటర్లో అకామా, అదే ఇక్కడ ఉండనిచ్చే కార్డు, చూపించాలి, మరిచిపోవద్దు. రెండో తరగతి డెబ్బై రియాళ్లకు కాస్త అటూ ఇటూ. కుటుంబాలకు వేరే పెట్టెలు, మాలాంటి ఒంటరి మగాళ్లకు వేరే పెట్టెలు. ఆ రోజు కుటుంబాల పెట్టెలు సగం ఖాళీగా ఉన్నాయి. మా పెట్టెలో మాత్రం కాళ్లు చాపుకునే చోటు లేదు.

పక్క సీట్లో ముల్తాన్ నుంచి వచ్చిన డ్రైవర్ కూర్చున్నాడు. భార్యాపిల్లల్ని పోయిన నెలే ఊరికి పంపేశాడట. “ఏక్ ఏక్ బచ్చే కీ ఫీస్, భాయ్. హర్ మహీనా. కౌన్ భరేగా?” అన్నాడు. పిల్లలున్నందుకు నెలనెలా సర్కారుకు కట్టడమన్నది నేనెక్కడా వినలేదు. ఇక్కడ విన్నాను. ఊపిరి పీల్చినందుకు కూడా ఏదో ఒకరోజు కట్టమంటారులే అన్నాను. అతను నవ్వలేదు.

హఫూఫ్ వచ్చేదాకా కిటికీలో ఇసుకే. హఫూఫ్ దగ్గర ఒక్కసారిగా ఖర్జూర తోటలు పచ్చగా కనిపిస్తాయి, కళ్లు సేదతీరుతాయి. క్యాంటీన్ పెట్టెలో టీ, జున్ను పెట్టిన రొట్టె దొరుకుతాయి. రొట్టె వద్దు, టీ పరవాలేదు. దమ్మామ్ చేరేసరికి మధ్యాహ్నం నమాజు అయిపోయింది.

రాజేశం స్టేషన్ బయట నిలబడి ఉన్నాడు. వాడిది మా కోరుట్ల పక్క ఊరే. ఖతీఫ్‌లో అబూ హసన్ అనే చిన్న కాంట్రాక్టర్ వాడి కఫీల్. ఆయన వాడిని మూడేళ్లుగా ఖోబర్‌లో ఒక అమెరికన్ బడికి కిరాయికి ఇచ్చాడు. బళ్లో ఆట మైదానం పని: సున్నంతో గీతలు గీయడం, పిల్లల హెల్మెట్లు కడగడం, బంతుల్లో గాలి కొట్టడం. ఆ ఆటను ఫుట్‌బాల్ అంటారట.

“పేరుకే ఫుట్‌బాల్ బావా. బంతి ఒల్వని కొబ్బరికాయ తీరుగుంటది. కాలు తగిలిచ్చుడు తక్కువ, చేతులతోనే ఉర్కుడు, మీద వడుడు” అన్నాడు టాక్సీలో. అంత గండంలోనూ వాడికి ఆట ముచ్చటే.

“అసలేమైందో చెప్పు” అన్నాను.

“ఆదివారం కోచ్ సాబ్ అందరిని మైదానంల నిలవెట్టిండు. దే రిలీజ్డ్ అస్, ఆల్ అఫ్ అస్ అన్నడు. మల్ల బడోళ్లు నన్ను వాళ్ల అకామాలకు తీస్కుంటమని పోయినేడాది సంది అంటనే ఉన్నరు గద. పనైందనుకున్న. కోచ్ సాబ్ చెయ్యి వట్టుకోని థ్యాంక్స్ చెప్పిన.”

“ఆయనేమన్నాడు?”

“కండ్లల్ల నీళ్లు తీసిండు. నా మీద గింత ప్రేమనా అనుకున్న.”

నాకు అక్కడే విషయం తెలిసిపోయింది. తల పట్టుకున్నాను. ఆటల వాళ్ల ఇంగ్లీషులో రిలీజ్ చేశారంటే టీం నుంచి తీసేశారని. ఉద్యోగం ఊడిందని చెబితే వీడు జిలేబీలు పంచాడు. ఆ తర్వాత అబూ హసన్ మేనల్లుడు ఫోన్ చేసి వాళ్ల కంపెనీ యార్డుకు పనికి రమ్మంటే, “ఖలాస్, రిలీజ్ దొరికింది, ఇంక మీ పని చేయ” అని హుషారుగా చెప్పి ఫోన్ పెట్టేశాడు. మూడు రోజులు రూంలో కూర్చుని బడి పిలుపు కోసం చూశాడు. పారిపోయాడు అనడానికి కఫీల్‌కు ఇంతకంటే ఏం కావాలి?

ఖోబర్‌లో కోచ్ ఇల్లు అమెరికన్లుండే కాంపౌండ్‌లో. గేటు దగ్గర గార్డు మా ఇద్దరినీ ఎండలో అరగంట నిలబెట్టాడు. కోచే వచ్చి లోపలికి తీసుకెళ్లాడు. అరవై దాటిన మనిషి, మోకాలు కుంటు, గొంతు మాత్రం మైదానమంత. ఇల్లంతా అట్టపెట్టెలు. నాకు కోపం ఆగలేదు. మా దగ్గర రిలీజ్ అంటే ఏమిటో, ఆయన మాటతో ఈ పిల్లాడి మెడకు ఏం చుట్టుకుందో నాకు వచ్చిన ఇంగ్లీషులో ముఖం మీదే చెప్పాను.

ఆయన ఒక పెట్టె మీద కూలబడ్డాడు. “నన్ను తీసేసినప్పుడు థాంక్స్ చెప్పిన మనిషి వీడొక్కడే. ఎంత గుండె ధైర్యం అనుకున్నాను” అన్నాడు.

తర్వాత తన కథ చెప్పాడు. చిన్న ఊళ్లో కాలేజీ టీంలో ఆడి, అక్కడే చిన్న కోచ్‌గా మొదలుపెట్టాడట. వాళ్ల దేశంలో కాలేజీ ఆటకు కూడా జనం తిరునాళ్లకు వచ్చినట్టు వస్తారట. టీం ఓడితే పెద్ద కోచ్‌ను తీసేస్తారు, ఆయన తెచ్చుకున్న చిన్న కోచ్‌లందరూ ఆయన వెనకే పెట్టేబేడా సర్దుకోవాలి. అలా నాలుగు కాలేజీలు తిరిగి, చివరికి ఒకచోట తానే పెద్ద కోచ్ అయ్యాడు. గెలిచిన ఏళ్లలో ఊళ్లో ఏ హోటల్‌కు వెళ్లినా అన్నం డబ్బులు తీసుకోలేదట. ఓడిన ఏడాది ఆ ఊరివాళ్లే ఇంటి ముందు గడ్డిలో ‘అమ్మకానికి’ అని బోర్డు పాతిపోయారట. భార్య ఏ ఇంట్లోనూ గోడకు మేకు కొట్టడం మానేసిందని చెప్పి ఖాళీ గోడలు చూపించాడు. అక్కడ తీసేశాక ఈ బడికి వచ్చాడు. పిల్లల మీద ఫీజు పడ్డాక కుటుంబాలు ఒక్కొక్కటే వెళ్లిపోయాయి, మైదానంలో రెండు జట్లకు సరిపడా పిల్లలు మిగల్లేదు, బడి ఆటే మూసేసింది.

వింటుంటే జాలి వేసింది, ఒళ్లూ మండింది. ఆయన్ను తీసేస్తే ఒప్పందంలో మిగిలిన కాలానికి జీతమిచ్చి, విమానం ఎక్కించి పంపుతున్నారు. వీడిని తీసేస్తే దొంగ అంటున్నారు. ఇద్దరూ ఒకే మైదానంలో ఒకే రోజు ఒకే మాట విన్నవాళ్లే. “నువ్వు వచ్చి ఆ అబూ హసన్‌కు నీ నోటితో చెప్పాలి” అన్నాను. ఆయన అప్పటికే కారు తాళాలు చేతిలోకి తీసుకున్నాడు.

ఖోబర్ నుంచి ఖతీఫ్ గంట లోపే. సముద్రం పక్కన చేపల మార్కెట్, లోపలికి వెళ్తే ఖర్జూర తోటలు, వాటి మధ్య పాత ఇళ్లు. మరోసారైతే ఆగి చూడమనే చెబుతాను. అబూ హసన్ ఇంటికి సాయంత్రపు అసర్ నమాజు అయ్యాక చేరాం. మేనల్లుడు అతిథులను కూర్చోబెట్టే మజ్లిస్‌లోకి రమ్మన్నాడు. అమెరికా మనిషిని చూసి అబూ హసన్ లేచి నిలబడి చెయ్యి కలిపి తన పక్కన కూర్చోబెట్టుకున్నాడు. నాకు గోడవార చోటు చూపించారు. రాజేశాన్ని ఎవరూ కూర్చోమనలేదు. వాడు గుమ్మం దగ్గర చెప్పుల పక్కన నిలబడ్డాడు.

గహ్వా, అంటే అరబ్బుల కాఫీ, వచ్చింది. కోచ్‌కు, నాకు చిన్న కప్పుల్లో పోశారు. రాజేశానికి పోయలేదు. కోచ్ ఇంగ్లీషులో చెబుతుంటే నేను హిందీలో చెప్పాను, మేనల్లుడు అరబీలో చెప్పాడు. రిలీజ్ కథ విని అబూ హసన్ పొట్ట పట్టుకుని నవ్వాడు. సరే, విషయం తేలిపోయింది, ఇక వీడిని యార్డుకు పంపండి అన్నాను.

మేనల్లుడు తల అడ్డంగా ఊపాడు. పనివాళ్ల దగ్గర నేర్చుకున్న హిందీ వాడిది. “భాయ్, కంపెనీ రెడ్ మే హై. సౌదీ కమ్, అజనబీ జ్యాదా. ఏక్ హురూబ్, ఏక్ ఆద్మీ కమ్.”

ఇదన్నమాట సంగతి. తగినంతమంది సౌదీలను పెట్టుకోని కంపెనీకి సర్కారు ఎర్ర రంగు వేసింది. ఆ లెక్క సరిచేసుకోవడానికి ఒక విదేశీ తగ్గాలి. రాజేశం ఏం మాట్లాడినా, మాట్లాడకపోయినా వీళ్లకు ఒక హురూబ్ కావాలి. నా గొంతు పెరిగింది. “రెడ్ కంపెనీ మనిషి కఫీల్ ఒప్పుకోకున్నా వేరే కంపెనీకి పోవచ్చు. అదీ మీ సర్కారు చెప్పిందే.”

“సహీ బాత్” అన్నాడు మేనల్లుడు తాపీగా. “జాయేగా కహాఁ? గ్రీన్ కంపెనీ లావో. కల్ లావో.”

శుక్రవారం సాయంత్రం. ఆదివారం పొద్దుటికి, సౌదీల లెక్క సరిపోయి సర్కారు పచ్చ రంగు వేసిన కంపెనీని ఎక్కడినుంచి తేను? సంగతి ఇంగ్లీషులో చెప్పాక కోచ్ అక్కడే కూర్చుని బడి పెద్దలకు ఫోన్ చేశాడు. వాళ్లు ఉన్నవాళ్లనే తీసేస్తున్నామన్నారు. ఆయన ఫోన్ జేబులో పెట్టుకుని, ముట్టని గహ్వా కప్పును తివాచీ మీద పెట్టి, అలా దాన్ని చూస్తూ కూర్చున్నాడు.

మజ్లిస్‌లో మాటలు ఆగిపోయాయి. అరబ్బుల ఇంట్లో అతిథి గహ్వా తాగకుండా కింద పెట్టాడంటే ఏదో అడగడానికి వచ్చాడని, అది తీర్చేదాకా తాగడని అర్థం. తీర్చకుండా పంపితే ఆ ఇంటికి తలవంపులు. అబూ హసన్ ముఖంలో నవ్వు పోయింది. మేనల్లుడితో గుసగుసలాడాడు, గడ్డం నిమురుకున్నాడు. చివరికి తేల్చాడు: హురూబ్ పెట్టడు. ఫైనల్ ఎగ్జిట్ కొట్టి మర్యాదగా ఊరికి పంపిస్తాడు. అప్పుడూ ఒక మనిషి తగ్గుతాడు, రాజేశం పేరు మీద మచ్చ ఉండదు, కావాలంటే మరో వీసా మీద రావచ్చు. “ఇష్‌రబ్” అంటూ కోచ్ ముందున్న కప్పు వైపు చెయ్యి చూపించాడు.

తాగమంటున్నాడని నేను చెప్పాక కోచ్ ఒక్క గుక్కలో మింగి మొహం చిట్లించాడు. ఆ మర్యాద ఎలా తెలుసని కారులో అడిగాను. ఏ మర్యాద అన్నాడు. తనకు కాఫీ పడదట, కడుపులో మంటట.

ఒక మనిషి బతుకు అమెరికావాడి కడుపుమంట మీద తేలింది. నేను కప్పు కింద పెడితే ఎవరు చూసేవారు? రాజేశానికైతే కింద పెట్టడానికి కప్పే లేదు.

దమ్మామ్ స్టేషన్ దగ్గర కోచ్ మమ్మల్ని దింపాడు. రాజేశాన్ని గట్టిగా కౌగలించుకుని వెళ్లిపోయాడు. రాత్రి బండికి టికెట్ తీసుకుని వచ్చాను. రాజేశం ఇంకా అక్కడే నిలబడి ఉన్నాడు.

“బావా, ఎగ్జిట్ అంటే పోవుడేనా? దానికి గిట్ల ఇంకేమన్న అర్థమున్నదా?”

“పోవుడే” అన్నాను.

“అక్కకు నువ్వే చెప్పు” అన్నాడు.

తిరుగు బండిలో అద్దంలో నా ముఖం తప్ప ఏమీ కనబడలేదు. ఖతీఫ్ పోయేవాళ్లు తప్పకుండా పొండి, ఊరు మంచిదే. నా మటుకు నాకు ఆ ఊరి పేరు వింటే ఒకటే గుర్తొస్తుంది. మజ్లిస్ నుంచి లేచేటప్పుడు నేను అబూ హసన్ దగ్గరికి వెళ్లి, వంగి, ఇక్కడి పెద్దలకు చేసినట్టు ఆయన భుజం మీద ముద్దు పెట్టి, నా బామ్మర్దిని వెళ్లగొడుతున్నందుకు షుక్రన్ అని వాళ్ల భాషలో థాంక్స్ చెప్పాను. ఆ మాటకు అర్థం నాకు బాగా తెలుసు. తెలిసే, రెండుసార్లు చెప్పాను.