ఇంటికొక గాడిద

బొగ్గుతో నడిచే బస్సుల కాలం అది. ఇల్లు తాకట్టు పెట్టడానికి ఉదయగిరి నుంచి ఆత్మకూరు పోతున్నాను. పక్కన కూర్చున్న ముసలామె ఒళ్ళో కొత్త పలుపుతాడు ఉంది.

“ఎద్దుకా అవ్వా?” అన్నాను.

“గాడిదకు నాయనా. ఆత్మకూరు షావుకారు దగ్గర ఇల్లు తాకట్టు పెట్టినాను. విడిపించుకునేసరికి, వడ్డీ కిందనే మూడిళ్ళు లేచేంత దుడ్డు పోసినాను. నా గోడకు అవతలే ఆయన పడకగది. ఇంటికొకటి లెక్కన గాడిదల్ని కట్టేస్తా ఉండా. రెండైనాయి, ఇది మూడోదానికి.”

“మరి ఆయన నిద్రో?”

“నాకు పోయిన నిద్రకు వడ్డీ ఎవడు కట్టినాడు?” అంటూ తాడుకు గట్టిగా ముడి బిగించింది.

ఆత్మకూరులో దిగి షావుకారింటికి వెళ్ళాను. ఆయన కళ్ళు చింతనిప్పుల్లా ఉన్నాయి, చెవుల్లో దూది ఉంది.

“ఇంటి పత్రాలు తెచ్చినావా?” అని అరిచాడు.

గోడ అవతల ఒక గాడిద ఓండ్ర పెట్టింది. రెండోది అందుకుంది. పత్రాలు చంకన పెట్టుకుని బయటపడ్డాను. వీధి మలుపులో అవ్వ మూడోదాన్ని తోలుకొస్తోంది.

నేను చెప్పేవాటిలో సగం కోతలేనని ఉదయగిరంతా అంటుంది. అననీండి. మా ఇల్లు మాత్రం ఇప్పటికీ నా పేరునే ఉంది.