దమయంతి కుట్టిన నక్క

మా దమయంతక్క కుట్టిన జాకెట్లు వేసుకుని పీటల మీద కూర్చున్న పెళ్లికూతుళ్లు న్యూజెర్సీలో ఊరికి పది మంది ఉంటారు. ఐసెలిన్‌లో ఓక్ ట్రీ రోడ్డు మీద నా పెళ్లిబట్టల షాపు. ముందు గదిలో చీరలూ నేనూ, వెనక గదిలో మిషన్లూ ఆవిడా. పద్దెనిమిదేళ్లుగా ఇదే ఏర్పాటు. ఆవిడది చీరాల. పదమూడో ఏటే మిషను తొక్కడం మొదలుపెట్టిందట. భర్త వీరాంజనేయులు గారికి ఇక్కడ గోడౌన్‌లో పని దొరికితే ఆయన వెంట వచ్చింది. ఇప్పుడు యాభై ఎనిమిదేళ్లు. నేను రోజుకు పదిసార్లు అరుస్తాను, ఆవిడ ఏడాదికి ఒక్కసారి కూడా అరవదు. కానీ ఒక తారీఖు ఒప్పుకుందంటే భూమి బద్దలైనా ఆ తారీఖుకి ఇవ్వాల్సిందే. ఓసారి మంచు తుఫానులో కార్లు కదలకపోతే, రెండు మైళ్లు నడిచి వెళ్లి పెళ్లికూతురి చేతిలో జాకెట్టు పెట్టి వచ్చింది. నేను తిట్టిన తిట్టు తిట్టకుండా తిట్టాను. ఆవిడ టీ పెట్టుకుని తాగింది.

అలాంటి మనిషి నక్కను కుట్టింది.

మార్చిలో ఒక మధ్యాహ్నం స్మృతి అనే అమ్మాయి షాపుకొచ్చింది. ప్రిన్స్‌టన్ దగ్గర మందుల ల్యాబ్‌లో పని చేస్తుంది, ఇరవై నాలుగేళ్లుంటాయి. వాళ్లమ్మ జాకెట్లన్నీ మా దగ్గరే. ఎదురుగా నిలబడిందన్న మాటే గానీ కళ్లెత్తి నా మొహం చూడదు, గాజుల అలమారా వైపు చూస్తూ మాట్లాడుతుంది.

“ఆంటీ, నాకు ఫర్‌సూట్ కావాలి.”

“ఏం సూటు?”

“ఫర్‌సూట్. ఫుల్ యానిమల్ కాస్ట్యూమ్. హాలోవీన్‌కి కాదు. నా ఫర్‌సోనా ఇది. అంటే, నేను యానిమల్ అయితే ఎలా ఉంటాను, అది. నేనే డిజైన్ చేశాను.”

ఫోన్ చూపించింది. రెండు కాళ్ల మీద నిలబడ్డ నక్క. ఒళ్లంతా కుంకుమ రంగు, రొమ్ము తెలుపు. పేరు కూడా కుంకుమేనట.

నాకు ఒళ్లు మండింది. “ఇది పెళ్లిబట్టల షాపమ్మా. నక్కలకీ కుక్కలకీ మేం కుట్టం. మీ అమ్మకి తెలుసా ఈ వేషాలు?”

“తెలుసు. మమ్మీకి ఇష్టం లేదు. కానీ తెలుసు.”

వెనక గది కర్టెన్ కదిలింది. మెడలో టేపుతో దమయంతక్క బయటికొచ్చింది. “ఏదీ, ఆ బొమ్మ నన్నోసారి చూడనివ్వమ్మా,” అని ఫోన్ అందుకుని చంకలూ, నడుమూ, తోక మొదలూ పెద్దవి చేసి మరీ చూసింది.

స్మృతి అప్పుడు కాస్త తెరిపిన పడింది. ఇలా జంతువుల వేషాలు వేసుకునేవాళ్లలో ఈ సూట్లు కుట్టేవాళ్లని మేకర్లంటారట. ఒక మేకర్ తల చేసి పంపింది. ఒళ్లు కుట్టాల్సిన ఇంకో మేకర్ రెండేళ్లు తిప్పి, చేతుల నొప్పులని పని మానేసింది. జూన్‌లో ఫిలడెల్ఫియా దగ్గర హోటల్లో ‘కాన్’, అంటే వాళ్లందరూ కలిసే పండగ. అందులో పరేడ్.

“నా ఫ్రెండ్స్ ఫైవ్ స్టేట్స్ నుంచి వస్తారు ఆంటీ. నాకు పీపుల్ అంటే భయం. మీటింగ్‌లో నా పేరు చెప్పాలన్నా వాయిస్ రాదు. హెడ్ పెట్టుకుంటే ఆ భయం ఉండదు. టూ ఇయర్స్ నుంచి ఒట్టి హెడ్ పెట్టుకుని నా రూమ్‌లోనే వాక్ చేస్తున్నాను. ఒక్కసారి అందరి ముందు నడవాలి.”

“ఏ తారీఖు?” అంది దమయంతక్క.

“జూన్ ఫిఫ్త్. ఫ్రైడే.”

“అందుతుంది.”

నేను నోరు తెరిచేలోపే మాట ఇచ్చేసింది. ఇక నేనెంత గింజుకుని ఏం లాభం?

మరుసటి వారం స్మృతి, వాళ్ల స్నేహితురాలు అనిక కలిసి ఒక వెండి రంగు మనిషి ఆకారాన్ని మోసుకొచ్చారు. పాత బట్టలేసుకుని, ఒంటి నిండా డక్ట్ టేపు చుట్టించుకుని, దాన్ని కత్తిరించి ఊడదీసిన తొడుగు. దాన్ని డమ్మీ అంటారని అనిక చెబుతుంటే నేను నోరు వెళ్లబెట్టాను. దమయంతక్క మాత్రం, “ఓస్, ఆది జాకెట్టే కదా!” అంది. కొలతలకి పాత జాకెట్టు తెచ్చివ్వడం మాకు కొత్తా ఏంటి? ఇంకో మాట చెప్పారు, పూడ్లింగ్ అని. తలా పంజాలూ తొడుక్కుని, మధ్యలో మనిషి చర్మం కనబడితే పూడ్లింగట, వాళ్లలో అది నామోషీ.

“అయితే చీర కట్టిన ప్రతి ఆడదీ పూడ్లింగేనన్నమాట,” అంది దమయంతక్క తన నడుము చూసుకుంటూ. స్మృతి పకపకా నవ్వింది. ఆ పిల్ల నవ్వగలదని నాకప్పుడే తెలిసింది.

బొచ్చు గుడ్డ కోయడం వేరే విద్య. కత్తెర పెడితే బొచ్చు తెగిపోతుంది. గుడ్డ తిరగేసి, వెనక వైపు బ్లేడుతో గీరాలి. మరో సంగతి, బొచ్చు అంతా కిందికే వాలాలి. అందుకని డమ్మీని ముక్కలుగా కోసి, ఆ టేపు ముక్కల మీద స్మృతి బాణం గుర్తులు వేసి ఇచ్చింది. దమయంతక్క ఆ బాణాల ప్రకారం ముక్కలు పరిచి, చాక్‌తో గీసి, భోజనానికి వెళ్లింది.

ఇక్కడే నేను వేలు పెట్టాను. ఎడమ చేతి ముక్క పక్కన గుడ్డ వృథాగా పోతోంది. నాకు గుడ్డ వృథా అయితే ప్రాణం పోయినట్టుంటుంది. జాకెట్టు గుడ్డయితే ఒక చేతిని తలకిందులుగా సర్దేస్తాం, ఎవరికీ తెలియదు. ఆ అలవాటుతో టేపు ముక్కను తిప్పి పెట్టి, ఆవిడ గీత చెరిపేసి, నేను కొత్తగా గీశాను. ముక్కాలు గజం మిగిలింది. ఆవిడకు చెబుదామనుకుంటుండగానే ఎవరో పట్టుచీరలకొచ్చారు. మర్చిపోయాను. ఆవిడొచ్చి గీత మీద బ్లేడు నడిపించింది. మిగిలిన గుడ్డ తోకలోకి పోయింది. బొచ్చు లోపలికి దోపి తిరగేసి కుడతారు కాబట్టి తప్పు బయటపడలేదు.

పడింది ఎప్పుడంటే జూన్ రెండు, మంగళవారం ట్రయల్‌లో. తల లేకుండా సూట్ తొడుక్కుని స్మృతి అద్దం ముందు నిలబడింది. దమయంతక్క దువ్వెన తీసుకుని భుజం నుంచి మణికట్టు దాకా దువ్వింది. కుడి చెయ్యి నున్నగా వాలింది. ఎడమ చేతి మీద మాత్రం బొచ్చు దువ్విన కొద్దీ లేచి నిలబడింది. దీపం కింద రెండు చేతులూ రెండు రంగుల్లో ఉన్నాయి.

నేను తిప్పి గీసిన చెయ్యే అది.

“ఇట్స్ ఓకే ఆంటీ,” అంది స్మృతి. మళ్లీ గాజుల అలమారా వైపు చూస్తోంది. “నేను పరేడ్ చేయను. అక్కడ అందరూ ఫర్ టచ్ చేసి చూస్తారు. హెడ్‌తో ఫొటోలు తీసుకుంటాను. చాలు.”

గుడ్డ అమ్మినవాళ్లకి ఫోన్ చేశాం. ఆ రంగు ఆపేశారు, ఎక్కడా లేదు. “అంత దూరం నుంచి ఎవరు చూస్తారక్కా, వదిలెయ్,” అన్నాను నేను. దమయంతక్క నా వైపు చూడనైనా చూడలేదు. “శుక్రవారం అన్నాను కదమ్మా. శుక్రవారానికి ఇస్తాను. నువ్వు పరేడ్‌లో పేరు తీయించుకోకు,” అని స్మృతితో చెప్పి పంపేసింది.

బుధవారం పొద్దున షాపు తెరిచేసరికి ఆవిడ వెనక గదిలో వీరాంజనేయులు గారితో ఫోన్లో మాట్లాడుతోంది. “కళ్లు పోయినట్టున్నాయండీ. బాణం అటుంటే నేను ఇటు కోశాను. ఇది దిద్దలేకపోతే ఇక కటింగ్ మానేస్తాను. ఫాల్సూ హెమ్మింగులూ చేసుకుంటాను.”

నలభై ఐదేళ్లు బట్ట కోసిన చెయ్యి అది. కర్టెన్ పట్టుకుని నిలబడ్డాను. సిగ్గుతో తల కొట్టేసినట్టయింది. చెప్పకపోతే ఎవరికీ తెలియదు. చెబితే ఈవిడ మొహం ఎలా చూడను? అయినా లోపలికి వెళ్లాను.

“అక్కా, నీ కళ్లు బానే ఉన్నాయి. నేనే తిప్పి గీశాను. గుడ్డ మిగులుతుందని. నువ్వు భోజనానికెళ్లినప్పుడు.”

ఆవిడ ఫోన్ పక్కన పెట్టి, బల్ల మీది చాక్ ముక్క తీసి చూసింది. అరిచినా బాగుండేది.

“మీ గీత లావుగా ఉంటుంది రాధమ్మా,” అంది. “బ్లేడు పెట్టేటప్పుడు నేను గుర్తుపట్టాల్సింది. సరే, ఇప్పుడు ఆ మాటలెందుకు? ముందు గది మీరు చూసుకోండి. ఎవర్నీ లోపలికి రానివ్వకండి. గుండెలు మాత్రం బాదుకోకండి, నాకు పని సాగదు.”

ఎడమ చేతిని కుట్లు విప్పి ఊడదీసి, బల్ల మీద తిరగేసి పరిచింది. చేతిని మొత్తంగా తిప్పితే మణికట్టు వైపు సన్నటి భాగం భుజం దగ్గరికొస్తుంది, అతకదు. దాని చుట్టూ రెండుసార్లు తిరిగింది. చీపురు పుల్ల తెచ్చి కొలిచింది. ఆ తర్వాత బ్లేడు తీసుకుని నాలుగు వేళ్ల వెడల్పున అడ్డంగా గీరింది. ఒకటి కాదు, తొమ్మిది పట్టీలు.

“ఏం చేస్తున్నావక్కా, ఉన్నది కూడా ముక్కలు చేస్తున్నావా!” అన్నాను.

“ఏ పట్టీ చోటులో ఆ పట్టీనే ఉంచి, తలకిందులు చేస్తాను. నాలుగు వేళ్లలో వెడల్పు తేడా ఎంతుంటుంది? కొంచెం లాగితే సరిపోతుంది. బొచ్చు కిందికొస్తుంది.”

“ఇన్ని అతుకులూ కనబడవూ?”

“బొచ్చు పొడుగ్గా ఉంది కదా. కప్పేసుకుంటుంది. కప్పకపోతే అప్పుడేడుద్దాం.”

మిషను మీద కుడితే అంచు తినేస్తుందని, అంచుకు అంచు ఆనించి చేత్తో కుట్టింది. సూది వెళ్లే చోటల్లా బొచ్చును దువ్వెనతో వెనక్కి తోసి పట్టుకోవడం నా పని. ఒక్కో అతుక్కి గంట పట్టింది. మధ్యాహ్నం లక్ష్మీకాంతం గారొచ్చి, కూతురి జాకెట్టు చంకలో పట్టేస్తోంది, ఇప్పుడే విప్పించమని పట్టుబట్టారు. “పెళ్లి ఇంకా నెల ఉందండీ, లోపల నక్కకి ప్రాణం మీదికొచ్చింది,” అని తలుపు వేసేశాను. ఆవిడ మళ్లీ గడప తొక్కుతారో లేదో అనుకోలేదు నేను. దమయంతక్క తలెత్తలేదు. వేలికి సూది దిగితే తడిగుడ్డ చుట్టుకుని, బొచ్చు మీద రక్తం పడకుండా చెయ్యి దూరంగా పట్టుకుని మళ్లీ మొదలుపెట్టింది.

గురువారం మధ్యాహ్నానికి ఆఖరి అతుకు అయింది. అంత జాగ్రత్తపడ్డా చెయ్యి అంగుళం పొట్టైంది. పంజా అంచును అంగుళం పొడిగించింది. “పూడ్లింగ్ రానివ్వను,” అంది పళ్లబిగువున.

శుక్రవారం ఇద్దరం నా కార్లో హోటల్‌కి వెళ్లాం. పై గదిలో అనిక సూట్ తొడిగి, జిప్ వేసి, తల పెట్టింది. లోపల్నుంచి ముందున్నది తప్ప ఏమీ కనబడదట, అందుకని పక్కన చెయ్యి పట్టి నడిపించడానికి ఒకరుండాలి. ఆ మనిషిని హ్యాండ్లర్ అంటారు. అనిక హ్యాండ్లర్. తల పెట్టాక ఆ పిల్ల మాట్లాడదు, అసలు పేరుతో పిలవకూడదు. నేను అలవాటుగా “స్మృ…” అనబోతే దమయంతక్క నా మోచెయ్యి గిల్లింది.

కింద హాల్లో తోడేళ్లూ, పులులూ, పిల్లులూ, వాటి మధ్య మనుషులూ, నేల ఈనినట్టున్నారు. పరేడ్ కదిలింది. దమయంతక్క కళ్లు ఆ ఎడమ చెయ్యి మీద నుంచి కదల్లేదు. కుంకుమ మొదట గోడ వారగా నడిచింది. ఎవరో చప్పట్లు కొట్టారు. అంతే, వరస మధ్యలోకొచ్చింది, తోక ఊపింది, చిన్నపిల్లలకి చేతులందించింది. గాజుల అలమారాతో మాట్లాడే పిల్ల! నాకు ఏడుపొచ్చింది, దాచుకోలేదు.

పరేడ్ అయ్యాక ఒకావిడ వచ్చింది. వేషం లేదు. తనూ మేకరేనని, ఇరవై ఏళ్లుగా ఇవే కుడుతోందని అనిక మా చెవిలో చెప్పింది. ఆవిడ కుంకుమను అడిగి, కుడి చెయ్యి భుజం నుంచి కిందికి నిమిరింది. తర్వాత ఎడమ చెయ్యి. దమయంతక్క నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. ఆవిడ అరచెయ్యి భుజం మీద మొదలై, మోచెయ్యి దాటి, మణికట్టు దాకా ఎక్కడా ఆగకుండా వచ్చేసింది.

“ఎవరు నీ మేకర్?” అని ఇంగ్లీషులో అడిగింది.

కుంకుమ మాట్లాడకూడదు. రెండు పంజాలూ ఎత్తి దమయంతక్కను చూపించింది.

ఆవిడ ఫోన్ తీసి, ఏ షాపని నన్ను అడిగింది. ఇంగ్లీషు నాకొచ్చు కదా. నోటి దాకా నా షాపు పేరు వచ్చింది. పద్దెనిమిదేళ్లుగా ఎవరడిగినా ఆ పేరే చెప్పాను, ఏ పెళ్లికూతురికీ ఇంకో పేరు తెలియదు. మింగేశాను. దమయంతి అని, ఒక్కో అక్షరం విడదీసి చెప్పాను. ఆవిడ రాసుకుంది.

“ఏం రాసుకుంటోంది?” అంది దమయంతక్క.

“నీ పేరు.”

“అయ్యో, నా పేరెందుకూ! షాపు పేరు చెప్పకపోయారా రాధమ్మా?”

“చెప్పను,” అన్నాను.