‘మా’ అనకుండా చెప్పిన చేను

నా చిన్నప్పుడు, పదేళ్లుంటాయేమో, మా మిరపచేను కొలవడానికి కోర్టు వాళ్లు వస్తున్నారని ఇంట్లో చెప్పుకున్నారు. కోర్టంటే అద్దంకిలో ఉండే భవనమని తెలుసు గానీ, అది మనుషుల్ని పంపి పొలాలు కొలిపిస్తుందని తెలియదు. వాళ్లెలా ఉంటారో చూడాలని ఆ రోజు బడి ఎగ్గొట్టి, కాయకోతకు వెళ్లే ఆడవాళ్ల వెంట పొలానికి పోయాను.

గొడవ మా నాన్నకూ పెదనాన్నకూ. మాది దర్శి వైపు నల్లరేగడి. తాతయ్య పోయాక అన్నదమ్ములిద్దరూ చేను చెరిసగం పంచుకుని, సర్వే చేయించి మధ్యలో హద్దురాయి పాతించారు. ఒక ఏడాది వాగు పొంగి గట్టు కొట్టుకుపోయింది. రాయి కూడా పోయిందనే అందరూ అనుకున్నారు. నాన్న తనకు గుర్తున్న చోట మళ్లీ గట్టు పోయించి, దాని పక్కనే బావి తవ్వించాడు. నీళ్లు పడ్డాయి. అప్పుడు పెదనాన్న వచ్చి, గట్టు పన్నెండు గజాలు తన వైపు జరిగిందనీ, బావి ఉన్న నేల తనదనీ అన్నాడు. మాటా మాటా పెరిగి కోర్టుకెక్కారు. ఆ బావి లేకపోతే మాకు మిరప లేదు. రెండిళ్ల మధ్యా పలకరింపులు కూడా ఆగిపోయాయి.

చేను చూసి రిపోర్టు రాయడానికి కోర్టు కమిషనరుగా పంపింది ఒక కుర్ర వకీలుని. ఆయనతో సర్వేయరు, గొలుసు పట్టే మనిషి వచ్చారు. ఇనుప గొలుసు మిరప మొక్కల మధ్య గలగలమంటూ పాకుతుంటే నేను దాని వెంటే నడిచాను. రెండుసార్లు కొలిచారు. రెండుసార్లూ లెక్క కుదరలేదు. నడిమి రాయి లేనిదే గట్టిగా చెప్పలేనని సర్వేయరు తల విదిలించాడు. నాన్న ఒక పక్కా, పెదనాన్న ఒక పక్కా ఎడమొహం పెడమొహంగా నిలబడ్డారు.

ఎండ ముదిరి అందరూ తుమ్మచెట్టు నీడకు చేరారు. వకీలు గారు ప్యాంటుకు అంటుకున్న పల్లేరు కాయలు ఏరుకుంటుంటే నేను పక్కకు చేరి ప్రశ్నలు మొదలుపెట్టాను. గొలుసు ఎంత పొడుగు, పటంలో ఆ గీతలేమిటి, కాగితం మీద ఏం రాస్తారు. విసుక్కోకుండా అన్నింటికీ చెప్పాడు. చివరికి అసలుది అడిగాను.

“ఈ చేను ఎవరిదని రాస్తారండీ?”

“అది జడ్జి గారు చెప్పాలమ్మా. నేను కంటికి కనపడింది రాస్తానంతే.” నవ్వాడు. “నువ్వూ చెయ్యొచ్చు ఆ పని. ‘మా’ అనీ ‘వాళ్ల’ అనీ అనకుండా ఈ చేలో ఏమేం ఉన్నాయో చెప్పు, చూద్దాం.”

అదెంత పని అనుకున్నాను. “మా బావి...” అనగానే వేలెత్తి ఆపాడు. మళ్లీ మొదలుపెట్టి, రెండు మాటలకే మళ్లీ దొరికిపోయాను. పట్టుదల వచ్చింది. లేచి నిలబడి చేను కలయజూశాను. ‘మా’ అనే మాట తీసేసరికి, రోజూ చూసే చేనే కొత్తగా కనిపించింది. ఒక్కొక్కటే చెప్పుకుపోయాను. బావి. బావికి ఇవతల గట్టు. అవతల ఆరు సాళ్ల మిరప. ఆ తర్వాత రేగుపొద. పొదలో, కూర్చుని పళ్లు తినడానికి ఒక రాయి.

“రాయా? ఎలా ఉంటుంది?”

“పైన బాణం గీత ఉంటుందండీ.”

సర్వేయరు చప్పున ఇటు తిరిగాడు. హద్దురాళ్ల మీద చెక్కే గుర్తు అదేనట. వకీలు గారు చూపించమన్నాడు. అప్పుడు నాన్న వైపు చూశాను. ఆ పొద మా గట్టుకు బాగా లోపల, మా మిరపలో ఉంది. దాని అర్థమేమిటో ఆయన ముఖం చూశాకే నాకు తెలిసింది. వెళ్లమనలేదు, వద్దనలేదు. తెలియదనేస్తే సరిపోతుందనిపించింది కూడా. కానీ ఉన్నదాన్ని లేదని ఎలా అనాలో తోచక వెళ్లి ముళ్లకొమ్మలు పక్కకు నెట్టాను.

ఆ రాయి నుంచి కొలిస్తే లెక్క కుదిరింది. బావి పెదనాన్న వైపు పడింది.

“నీకెందుకే ఆ పెత్తనం?” అని అమ్మ ఆ సాయంత్రమంతా తిట్టింది. నాన్న తిట్టలేదు, కానీ చాలా రోజులు నాతో సరిగ్గా మాట్లాడలేదు. అదే ఎక్కువ బాధ. కమిషనరు రిపోర్టు మీద అభ్యంతరం వేద్దామని మా వకీలు ఇంటికొచ్చి చెబితే మాత్రం, “రాయి కనపడ్డాక ఇంకేం వేస్తామండీ” అని పంపేశాడు. తీర్పు పెదనాన్నకే వచ్చింది. మరుసటి ఏడాది మా చేలో మిరప పోయి వానను నమ్ముకున్న పత్తి వచ్చింది.

కొత్త గట్టు పోసే రోజు నన్నూ రమ్మన్నాడు నాన్న. హద్దు వెంట తాడు లాగాలి. ఒక కొస పెదనాన్న పట్టుకున్నాడు. రెండో కొస నాన్న తను తీసుకోకుండా నా చేతికిచ్చి, రాయి దగ్గర కూర్చోమన్నాడు. ఏళ్ల తర్వాత తొలిసారి అన్న వైపు తిరిగి, “అమ్మాయిని పట్టుకోనీ అన్నయ్యా. అది జరపదు” అన్నాడు.

పెదనాన్న తాడు వైపే చూసి, సరేనన్నట్టు తలూపాడు.

ఇప్పుడు నాకు అరవై దాటాయి. నిజం చెబితే నావాళ్లకే నష్టం వచ్చే చోట నిలబడ్డ ప్రతిసారీ నాన్న అన్న ఆ మాట వినిపిస్తుంది. దానికి తగ్గట్టు అన్నిసార్లూ ఉన్నానని చెప్పలేను. లేనప్పుడు మాత్రం నాకు తెలిసిపోతుంది.