మేజోళ్ళలో ఆపిల్ పళ్ళు

ఉల్బొసిన్ పుట్టేనాటికే ఇంట్లో నలుగురు ఆడపిల్లలు. ఇకనైనా మగపిల్లవాడు పుట్టాలని, ‘కొడుకు కావాలి’ అనే అర్థం వచ్చే ఆ పేరు నాయనమ్మే పెట్టింది. ఆ తర్వాత పుట్టిన ముగ్గురూ ఆడపిల్లలే. నాయనమ్మ అలిగి కూర్చుంది గానీ, తనకోసం పెట్టని పేరుతో పెరిగిన పిల్ల మాత్రం మొండిఘటమైంది. కజకిస్తాన్‌లో రాకెట్లు ఎగిరే బైకనూరులో, మనుషులెక్కని సరుకుల అంతరిక్ష ఓడలో మూటలు సర్దే పని ఆమెది. ఆ ఓడ పైనున్న అంతరిక్ష కేంద్రానికి తిండీ నీళ్ళూ పట్టుకెళ్తుంది. ఇరవై మూడేళ్ళుగా ఆమె చెయ్యి పడని ఓడ లేదు. అక్కడ అందరికీ ఆమె ‘అపా’, అంటే అక్క.

సరుకుల్లో పళ్ళ బాధ్యత ఆమెదే. కాడ ఊడినదీ మచ్చ పడ్డదీ ఆమె చేతిలో నెగ్గవు. ఒక్కో ఆపిల్‌నూ స్పిరిట్ గుడ్డతో తుడిచి, కాగితంలో చుట్టి, అట్టపెట్టెలో పేర్చేది. కిందటి ఓడలో చోటు చాలక పళ్ళు ఆగిపోయాయి. పైన కేంద్రంలో ఉన్న ఏడుగురూ ఐదు నెలలుగా డబ్బా తిండే తింటున్నారని తలుచుకుంటే ఆమెకు ముద్ద దిగేది కాదు.

ఓడ తలుపు మూసే రోజు పొద్దున్నే, బరువులు చూసే ఇంజనీరు గ్లేబ్ మక్సీమొవిచ్ కాగితం పట్టుకుని వచ్చాడు.

“అపా, మాస్కో నుంచి కబురొచ్చింది. నీళ్ళ పంపు విడిభాగం ఒకటి తప్పకుండా పోవాలిట. నాలుగు కిలోలు. పళ్ళు తీసేశాను.”

“మళ్ళీ నా పళ్ళేనా? నీ కంటికి ఇంకేమీ కనబడవా నాయనా?”

“పంపు లేకపోతే నీళ్ళుండవు. ఆపిల్ లేకపోతే ఎవరూ చావరు.”

“చావకపోతే బతికినట్టేనా? ఆ నాలుగు కిలోలూ నేను తీసిస్తాను. పళ్ళు పెడతావా?”

“సాయంత్రం నాలుగింటికి తలుపు మూసేస్తాం. గ్రాము ఎక్కువైనా ఒప్పుకోను.”

“అందాకా నువ్వు నా దారికి అడ్డు రాకు, అదే పదివేలు.”

ఓడలోకి ఎక్కించాల్సిన సంచులు ఇంకా ముప్పై ఉన్నాయి. తనతో పనిచేసే మెరుయెర్త్‌ను పక్కన కూర్చోబెట్టుకుని ఉల్బొసిన్ ఒక్కొక్కటీ విప్పింది. మందుల సీసాలకు అట్టపెట్టెలు, బ్యాటరీలకు ప్లాస్టిక్ తొడుగులు, వాటితోపాటు ఎవరూ చదవని వివరాల పుస్తకాలు. అవన్నీ ఊడబీకి మూలన పడేసింది. ప్రతి సంచికీ కొత్త చీటీ రాసి గ్లేబ్ చేత సంతకం పెట్టించింది. అతనికి తల ప్రాణం తోకకొచ్చింది.

“అపా, బౌర్సాక్ బూరెలు చల్లారిపోతున్నాయి, రెండు తిని రా,” అంది మెరుయెర్త్.

“నువ్వు తినవే. నాకివాళ ఈ అట్టముక్కలే అన్నం.”

మూడున్నరకు ఆ చెత్తంతా కాటా ఎక్కింది. మూడు కిలోల ఏడు వందలు. విప్పడానికి ఇంకేమీ మిగల్లేదు. ఉల్బొసిన్ మొహం వాడిపోయింది. గ్లేబ్ గది చుట్టూ ఒకసారి చూసి ఆపిల్ పెట్టె దగ్గర ఆగాడు.

“అందరి పెట్టెలూ చింపేశావు. నీ పెట్టె జోలికి మాత్రం పోలేదేం అపా?”

ఆమె నాలిక్కరుచుకుంది. ఇన్నేళ్ళ అలవాటు, అది కూడా అట్టపెట్టేనని తట్టనే లేదు. పెట్టే, చుట్టిన కాగితాలూ కలిపి మూడు వందల ఇరవై గ్రాములు తూగాయి.

“బరువు సరిపోయింది. మరి పళ్ళు దేంట్లో పెడతావు? కుదుపులకి నుజ్జయిపోవూ?” అన్నాడు గ్లేబ్.

ఆమె పైనున్న వాళ్ళకు పంపే కొత్త బట్టల సంచీ కేసి చూసింది. “మేజోళ్ళలో.”

“మేజోళ్ళలో పెట్టినవి తింటారా ఎవరైనా!”

“కొత్తవేనయ్యా, ఇంకా ఎవరూ కాలు పెట్టలేదు! కబుర్లు చెప్పకుండా నువ్వూ నాలుగు నింపు.”

గ్లేబ్ గడియారం చూసుకుని, చేతులు తుడుచుకుని, ఆమె పక్కనే చతికిలబడ్డాడు. ఒక్కో ఉన్ని మేజోడులో ఒక్కో ఆపిల్ దూర్చారు. తలుపు మూయడానికి నాలుగు నిమిషాల ముందు ఆ సంచీ ఓడలోకి చేరింది.

ఎగిరిన మూడో రోజు మధ్యాహ్నం ఓడ కేంద్రానికి అతుక్కుంది. తలుపు తెరిచాక పైనున్న నాయకుడి మాటలు బైకనూరులో ఉల్బొసిన్ వాళ్ళు చేరిన హాల్లో స్పీకర్లో వినిపించాయి. మాస్కోలో ఒకాయన సరుకుల జాబితా చదువుతున్నాడు.

“పంపు విడిభాగం?”

“అందింది.”

“బట్టల సంచీ?”

కరకరమని చప్పుడొచ్చింది.

“సరిగ్గా వినబడటం లేదు. ఏమిటా చప్పుడు?”

“మేజోళ్ళు చూసుకుంటున్నాం.”

మళ్ళీ కరకర. ఈసారి నలుగురైదుగురు నములుతున్నట్టే ఉంది. మాస్కో ఆయన ఇంకోసారి అడగబోయాడు. ఉల్బొసిన్ కళ్ళనీళ్ళు తుడుచుకోకుండానే స్పీకర్ మీదికి చెయ్యెత్తి కేకేసింది.

“కాసేపు ఊరుకోవయ్యా! తిననీ వాళ్ళని!”