సద్ది డబ్బాకు కట్టిన పీలిక

మాటల్లేని తొలినాటి సినిమాలు ఫోన్ల చూసుడంటే నాకు పిచ్చి. కథ లేదు, పాట లేదు. ఏదో పట్నంల సడక్ మీద జనం నడుస్తుంటరు, కెమెరా కనవడంగనే ఆగి నోరు తెరుసుకోని చూస్తరు. నన్ను కన్న మా అవ్వ తిట్టేది: "ఎవలో సచ్చిపోయినోళ్లు నడుస్తుంటే నీకేం సంబురమే?"

గసొంటి అవ్వనే మొన్న నా చెయ్యి గుంజుకోని ఫోటో స్టూడియో చాచా ఇంటికి పోయింది. చాచా జవానీల, మా గోదావరిఖని చౌరస్తాల మొదటి షిఫ్టు ఇడిసే యాళ్లకు తీసిన రీలు పాత సందుగ పెట్టెల దొరికిందట. బొగ్గు బాయిల కప్పు కూలి మా బాపు సచ్చిపోయినప్పుడు నేను చంటిపిల్లను. ఇంట్ల ఉన్నది ఒక్క గుర్తింపు కార్డు ఫోటో. ఆయన నడక ఎట్లుంటదో నేనెరుగ. ఆ రీలుల బాపు ఉంటడని అవ్వ ఆశ.

"రీలు ఎండిపోయింది బేటీ. ఒక్కసారి తిరిగితే అల్లా దయ. నడుమ ఆపితే బల్బు వేడికి కాలిపోతది," అన్నడు చాచా.

"ఫికర్ చెయ్యకు, నేను గుర్తువడ్త," అన్నది అవ్వ. బాయికాడ సద్ది డబ్బాలు మారిపోకుండ ఆడోళ్లు తమ పాత చీర పీలిక చింపి కట్టేది. బాపు డబ్బాకు పసుపుపచ్చ పీలిక.

గోడ మీద బొమ్మ లేసింది. అయ్యో, అంత నలుపు తెలుపే! పీలికలన్నీ ఒక్కతీరే. మొఖాలు చూద్దామంటే బొగ్గు మసి. అందరు ఒక్క తల్లి పిల్లల్లెక్కనే ఉన్నరు. గుంపులు గుంపులుగ వస్తున్నరు, కెమెరాకు పండ్లికిలించి పోతున్నరు. "ఏడున్నడే? ఏడున్నడే?" అవ్వ గోర్లు నా చేతిల దిగినయి. నాకు కోపం, ఏడుపు ఒక్కసారే వచ్చినయి. రంగు కనవడదన్న సంగతి ముందుగాలనే నాకు తట్టద్దా! ఇన్ని సినిమాలు చూసి ఏం లాభం?

అప్పుడు కనవడ్డది, సడక్ అంచుకు పిల్లను సంకనెత్తుకున్న సన్నటి ఆడామె. అందరు కెమెరాను చూస్తుంటే ఆమె ఒక్కతే గుంపు దిక్కు చూస్తుంది.

"అవ్వా, అది నువ్వే!" అని మొత్తుకున్న. "ఆయన కోసం దేవులాడకు. నిన్ను చూడు, నీ కాడికే వస్తడు."

వచ్చిండు. డబ్బా ఆమె చేతికిచ్చిండు. నల్లటి చెయ్యి చాపి పిల్ల చెంప నిమిరిండు. చెంప మీద ఇంత మసి. అంతల్నే రీలు పట్టున తెగింది, చాచా జల్దిగ స్విచ్ బంద్ చేసిండు.

నా చెయ్యి నా చెంప మీదికి పోయింది. అవ్వ ఇంకా ఉత్త గోడనే చూస్తుంది. "ఎన్నిసార్లు చెప్పాలె నీకు," అన్నది గోడతోని, "కడుక్కున్నంకనే పిల్లను ముట్టుమని?"